స్ట్రాబెరీ విషకప్ప

రూపాయి బిళ్ల మీద కూర్చోగల కప్ప ఇది. పొడవు 17 నుంచి 24 మిల్లీమీటర్లు. నికరాగ్వా, కోస్టారికా, పనామా దేశాల్లో కరీబియన్ సముద్రం వైపు పల్లంలో ఉన్న వర్షారణ్యాలు దీని ఇల్లు. చాలాచోట్ల ఒళ్లంతా పండు ఎరుపు, కాళ్లు మాత్రం నీలం. ‘బ్లూ జీన్స్’ అనే ముద్దుపేరు అందుకే వచ్చింది. చీకటి పడ్డాక బయటికొచ్చే కప్పల్లా కాక పట్టపగలే తిరుగుతుంది. భయపడాల్సిన పని తక్కువ, ఎందుకంటే చర్మం నిండా విషమే. ఆ విషం ఎక్కణ్నుంచి వస్తోందన్నదే ఈ కప్ప చరిత్రలో సగం.

శాస్త్రలోకానికి దీన్ని పరిచయం చేసింది, విచిత్రంగా, నేటి పోలండ్‌లోని క్రాకోవ్ నగరం. ఆర్కిడ్ల కోసం మధ్య అమెరికా అడవులు గాలించిన జోసెఫ్ వర్‌షెవిచ్ అక్కడి కప్పలనూ సేకరించాడు. వాటిని క్రాకోవ్‌లో పరీక్షించిన ఆస్కార్ ష్మిట్ 1857లో ఈ జాతిని వర్ణించి, డెండ్రోబేటిస్ ప్యుమిలియో అని పేరు పెట్టాడు. ప్యుమిలియో అంటే లాటిన్‌లో మరుగుజ్జు. అప్పటికి పనామా ఇంకా విడి దేశం కాదు, న్యూ గ్రెనడాలో భాగం.

విషం సంగతి తేలడానికి మరో వందేళ్లు దాటింది. అమెరికన్ రసాయనశాస్త్రవేత్త జాన్ డాలీ, ఉభయచర, సరీసృపాల నిపుణుడు చార్లెస్ మయర్స్ కలిసి 1967లో పనామా విషకప్పల మీద పరిశోధన ప్రచురించారు. కప్పను వేలితో తాకి, ఆ వేలిని నాలుకకు అద్దుకుని, మంట పుడితే సేకరించదగ్గదని తేల్చుకోవడం డాలీ పద్ధతి. ఎవరూ అనుకరించకూడని పద్ధతి! ఈ చిన్న కప్పలో దొరికిన ఆల్కలాయిడ్లకు దీని పేరు మీదే ప్యుమిలియోటాక్సిన్లు అన్న పేరొచ్చింది. బాణాలకు పూసే విషం ఈ కప్పదేనని చాలామంది అనుకుంటారు. నిజానికి కొలంబియా ఆదివాసులు అందుకు వాడింది ఫిల్లోబేటిస్ అనే వేరే ప్రజాతిని.

కప్పే ఈ విషాన్ని తయారు చేసుకుంటుందని మొదట్లో భావించారు. బోనుల్లో పుట్టి పెరిగిన విషకప్పల్లో విషం కనిపించకపోయేసరికి చూపు తిండి మీదికి మళ్లింది. ప్యుమిలియోటాక్సిన్లు కొన్ని చీమల్లో ఉన్నట్టు 2004లో తేలింది. 2007లో ఇంకా పెద్ద మూలం దొరికింది: రాలిన ఆకుల కింద బతికే ఒరిబాటిడ్ నల్లులు. మిరప, కొబ్బరి రైతులను ఏడిపించే నల్లికి ఇవి దూరపు చుట్టాలు. అంటే కప్పది అరువు విషం.

సంతానాన్ని పెంచే తీరు మరీ అపురూపం. ఆడకప్ప రాలిన ఆకుల మీద నాలుగైదు గుడ్లు పెడుతుంది. అవి ఎండిపోకుండా మగకప్ప తడుపుతూ ఉంటుంది. పది రోజులకు తోకకప్పలు బయటికొస్తే, తల్లి వాటిని వీపు మీద ఎక్కించుకుని చెట్టెక్కుతుంది. అనాస కుటుంబానికి చెందిన బ్రొమీలియడ్ మొక్కల ఆకుల మొదట్లో గుక్కెడు నీళ్లు నిలుస్తాయి. ఒక్కో బిడ్డను ఒక్కో నీటిగుంటలో దించుతుంది. అక్కడ తినడానికేమీ ఉండదు గనక కొద్దిరోజులకోసారి తిరిగొచ్చి, ఫలదీకరణ జరగని గుడ్లు పెట్టి పోతుంది. తల్లి రాగానే తోకకప్ప ఒళ్లు వణికిస్తూ ఆకలి చెబుతుంది. జర్మన్ శాస్త్రవేత్త పీటర్ వైగోల్ట్ 1980లో ఈ పోషణను వివరించాడు. ప్రజాతి పేరు ఇప్పుడు ఊఫాగా, అంటే గుడ్లు తినేది. ఆ గుడ్లతోపాటే తల్లి తన విషాన్నీ బిడ్డకు అందిస్తుందని 2014లో రుజువైంది. నల్లి నుంచి తల్లికి, తల్లి నుంచి బిడ్డకు!

రంగుల కథ పనామాలోని బోకాస్ డెల్ టోరో దీవుల్లో నడుస్తుంది. సముద్రమట్టం పెరిగి గత పదివేల ఏళ్లలో ప్రధాన భూభాగం నుంచి తెగిపోయిన దీవులివి. సోలార్తె దీవి కప్ప నారింజ రంగు, పోపా దీవి కప్ప ఆకుపచ్చ. రంగు ఎందుకన్నది మట్టిబొమ్మలు చెప్పాయి. కోస్టారికాలోని లా సెల్వా కేంద్రంలో పరిశోధకులు అడవిలో మట్టికప్పలు పెడితే, పక్షులు గోధుమరంగు వాటిని ఎర్రవాటికంటే ఎక్కువగా పొడిచాయి. కానీ ఒకే జాతిలో ఇన్ని రంగులు విడివిడిగా ఎలా నిలిచాయి? 2019లో యూసాన్ యాంగ్ బృందం పిల్లలను వేరే రంగు పెంపుడు తల్లుల దగ్గర పెంచి చూసింది. ఆడపిల్లలు పెద్దయ్యాక పెంచిన తల్లి రంగున్న మగవాటివైపే మొగ్గాయి. మగవి ఆ రంగు మగవాటినే ప్రత్యర్థులుగా చూసి ఎక్కువగా కలబడ్డాయి.

కోస్టారికా కొండల్లో కైట్రిడ్ శిలీంధ్ర వ్యాధి ఎన్నో కప్పజాతులను తుడిచిపెట్టింది. పల్లపు వేడి ఆ శిలీంధ్రానికి అంతగా పడదు. పాడుబడ్డ కోకో తోటల్లోనూ సర్దుకుపోగల ఈ కప్ప ఇప్పటికీ విరివిగానే ఉంది. పెంపుడు జంతువుల వ్యాపారం మితిమీరకుండా 1987లో దీన్ని సైటిస్ అనే అంతర్జాతీయ ఒప్పందం రెండో అనుబంధంలో చేర్చారు. అద్దాల పెట్టెలో పుట్టి, పండ్ల ఈగలు తిని పెరిగే పెంపుడు కప్పకు ఎరుపు, నీలం ఉంటాయి, విషం ఉండదు.