సారెలో చదరంగం బల్ల

ఆడపిల్లకు పెళ్ళి సారె పెట్టేటప్పుడు ఏమేం సర్దుతామో మీకు నేను చెప్పక్కర్లేదు. పసుపు కుంకుమ, చీరలు, ఇత్తడి బిందెలు, అరిసెలు, సున్నుండలు, ఇంకా ఎవరి ఓపికను బట్టి వాళ్ళు. జార్జియా అనే దేశంలో పాతరోజుల్లో ఆ సామాన్లతో పాటు మరో రెండు వస్తువులు కూడా పెట్టేవాళ్ళట. ఒకటి చదరంగం బల్ల. రెండోది షోతా రుస్తవేలి రాసిన కావ్యం, పులితోలు కప్పుకున్న వీరుడి కథ. కొత్త కోడలి పెట్టెలో పోతన భాగవతం, పక్కనే పావుల డబ్బా ఉన్నట్టు ఊహించుకోండి! తెలుగు బి.ఏ. చదివినదాన్ని కదా, ఈ సంగతి తెలిసిన రోజు నాకు మహా ముచ్చటేసింది.

జార్జియా అంటే మన పిల్లలు ఉద్యోగాలకు వెళ్ళే అమెరికా రాష్ట్రం కాదు. నల్లసముద్రం ఒడ్డున, కాకసస్ కొండల పక్కనున్న చిన్న దేశం. పన్నెండో శతాబ్దం చివర తమార్ అనే మహారాణి దాన్ని ఏలింది. రుస్తవేలి కాలం కూడా అదే. చాలా ఏళ్ళు సోవియట్ యూనియన్‌లో భాగంగా ఉండి, 1991లో విడిపోయింది. నేను చెప్పబోయే నోనా గప్రిందష్విలి పుట్టింది అక్కడే, జుగ్దిది అనే ఊళ్ళో, 1941 మే 3న. అయిదుగురు మగపిల్లల ఇంట్లో ఒక్కత్తే ఆడపిల్ల. అలాంటి ఇంట్లో ఆడపిల్ల ఏం నేర్చుకుంటుంది? అన్నదమ్ములు ఏం ఆడితే అదే. ఆ చిన్నదాని ఆట వఖ్తాంగ్ కర్సెలాద్జే అనే గురువు కంటపడింది. ఈ పిల్లను రాజధాని టిబిలిసికి పంపమన్నాడు. ఇంకా చిన్నతనం పూర్తిగా పోని ఆడపిల్లను చదరంగం కోసం వేరే ఊరికి పంపడానికి ఆ తల్లిదండ్రులు ఒప్పుకున్నారు. ఆ తల్లి ఆ రాత్రి ఎలా పడుకుందో అని నాకనిపిస్తుంది. మనం పిల్లల్ని ఇంటర్‌కి హాస్టల్లో దింపి వచ్చినరోజే అన్నం సయించదు.

అప్పటికి ఆడవాళ్ళకు ప్రపంచ చాంపియన్‌షిప్ వచ్చి పాతికేళ్ళు దాటింది. 1927లో మొదటిసారి గెలిచిన వేరా మెంచిక్, 1944లో లండన్ మీద పడిన బాంబుకు తల్లితో, చెల్లెలితో సహా ప్రాణం పోగొట్టుకునేదాకా ఆ కిరీటాన్ని ఎవరికీ ఇవ్వలేదు. (ఆవిడ కథ ఇంకోసారి రాస్తాను, ఒక్క పేరాలో సరిపోదు.) ఆ తర్వాత కిరీటం సోవియట్ ఆడవాళ్ళ చేతుల్లోకి వెళ్ళింది. 1962లో నోనా మాస్కోలో ఎలిజవేతా బికోవాతో తలపడింది. నోనాకి 21, బికోవాకి 49 నిండవస్తున్నాయి. 11 ఆటల్లో నోనా 7 గెలిచింది, 4 డ్రా చేసింది, ఒక్కటీ ఓడలేదు. 9–2 అన్నమాట.

అదే ఏడాది అమెరికా కుర్రాడు బాబీ ఫిషర్ ఇంటర్వ్యూ ఒకటి అచ్చయింది. లోకంలో ఏ ఆడమనిషికైనా సరే తన గుర్రాన్ని ముందే తీసేసి ఆడినా గెలుస్తానని గొప్పలు పోయాడు అందులో. అంత ఆటగాడికి ఆ మాట ఎందుకో! ఆడవాళ్ళకు చదరంగం రాదనే మాట ఆరోజుల్లో అంత మామూలన్నమాట.

నోనా ఊరుకునే మనిషి కాదు. ఆడవాళ్ళ పోటీల్లో గెలుస్తూ హాయిగా ఉండొచ్చు కదా, ఉండలేదు. మగవాళ్ళ పోటీలకు వెళ్ళింది. 1963–64లో ఇంగ్లండులోని హేస్టింగ్స్‌లో చాలెంజర్స్ పోటీ గెలిచింది. 1965లో ఇంగ్లండులోనే ఒకేసారి 28 మంది మగవాళ్ళతో ఆడింది. అంటే 28 బల్లలు వరసగా పెట్టి, ఈవిడ ఒక్కో బల్ల దగ్గరా ఆగి ఎత్తు వేసుకుంటూ తిరగడం. పొయ్యి మీద నాలుగు గిన్నెలు పెట్టుకుని తిరిగే మనకు కొంచెం అర్థమవుతుందనుకుంటాను. మధ్యలో పెళ్ళయింది, కొడుకు పుట్టాడు. 1965, 69, 72లలో అల్లా కుష్నిర్ మీద, 75లో తన దేశపు అమ్మాయే నానా అలెగ్జాండ్రియా మీద కిరీటం నిలబెట్టుకుంది.

1977లో కాలిఫోర్నియాలోని లోన్ పైన్ అనే చిన్న ఊళ్ళో జరిగిన పోటీలో ముగ్గురు మగవాళ్ళతో కలిసి మొదటి స్థానం పంచుకుంది. దాంతో 1978లో అంతర్జాతీయ చెస్ సమాఖ్య ఆవిడకు గ్రాండ్‌మాస్టర్ బిరుదు ఇచ్చింది. ఆడవాళ్ళకు విడిగా ఇచ్చే చిన్న బిరుదు కాదు, మగవాళ్ళకిచ్చే అసలు బిరుదు. దాన్ని అందుకున్న మొదటి స్త్రీ నోనాయే. బిరుదుకు కావలసిన ఆటల లెక్క కొంచెం తక్కువైందని అప్పట్లో సణిగినవాళ్ళు ఉన్నారు, ఇప్పటికీ ఉన్నారు. పదహారేళ్ళు లోకాన్ని ఓడించినామెకు నాలుగాటలు తక్కువా అని నా అభిప్రాయం.

మన చదరంగంలో రాజు పక్కన ఉండేది మంత్రి, మగవాడు. పూర్వం ఐమూలగా ఒక్క గడే కదిలేవాడు. ఆట యూరప్ చేరాక అక్కడివాళ్ళు ఆ పావును రాణి చేశారు. పదిహేనో శతాబ్దం చివర్లో బల్ల ఆ చివరిదాకా పరుగెత్తే బలమిచ్చారు. పావుకు ఇచ్చినంత సులువుగా మనిషికి ఇవ్వలేదు మరి.

అది ఎంత కష్టమో 2020లో మళ్ళీ తెలిసింది. ఆ ఏడాది నెట్‌ఫ్లిక్స్‌లో ‘ద క్వీన్స్ గాంబిట్’ అనే సీరియల్ వచ్చింది. లాక్‌డౌన్ రోజులు, మీలోనూ చాలామంది చూసే ఉంటారు. కథానాయిక కల్పిత పాత్ర. చివరి భాగంలో, 1968లో మాస్కోలో జరిగే పోటీలో, వ్యాఖ్యాత నోనా అసలు పేరే చెప్పి, ఆవిడ ఆడవాళ్ళ చాంపియనే కానీ మగవాళ్ళతో ఎన్నడూ తలపడలేదని అంటాడు. విచిత్రమేమిటంటే సీరియల్‌కి మూలమైన వాల్టర్ టెవిస్ నవలలో, ఆవిడ ఆ రష్యన్ గ్రాండ్‌మాస్టర్లతో చాలాసార్లు ఆడిందనే ఉంది. కథానాయిక గొప్పగా కనపడాలని, బతికున్న మనిషి జీవితాన్ని తుడిచేశారు.

అప్పటికి నోనాకి 79. మనలో చాలామందిమి పోనీలే అని ఊరుకునేవాళ్ళం. ఆవిడ 2021 సెప్టెంబరులో, 80వ ఏట, లాస్ ఏంజెలెస్ కోర్టులో 50 లక్షల డాలర్లకు దావా వేసింది. 1968 నాటికే కనీసం 59 మంది మగవాళ్ళతో ఆడానని, అందులో పదిమంది గ్రాండ్‌మాస్టర్లని లెక్క చూపించింది. పైగా జార్జియా మనిషినైన తనని రష్యన్ అన్నారని కూడా. అది కల్పిత కథ కదా, కేసు కొట్టేయండని కంపెనీవాళ్ళు అడిగితే, 2022 జనవరిలో జడ్జి ఒప్పుకోలేదు. అదే సెప్టెంబరులో రాజీ కుదిరింది. ఎంతకన్నది ఇరుపక్షాలూ బయటపెట్టలేదు.

కిరీటం సంగతి చెప్పనే లేదు. గ్రాండ్‌మాస్టర్ బిరుదు వచ్చిన 1978లోనే నోనా దాన్ని పోగొట్టుకుంది. ఓడించింది 17 ఏళ్ళ మైయా చిబుర్దనిద్జే, జార్జియా పిల్లే. టిబిలిసిలో నోనా పేరు పెట్టిన చెస్ ప్యాలెస్ లేచి అప్పటికి అయిదేళ్ళు. ఊళ్ళలో ఆడపిల్లలకు నోనా అనే పేరు పెట్టుకునేవాళ్ళు. మైయా 1991 దాకా ఏలింది. అంటే 29 ఏళ్ళు కిరీటం ఆ చిన్న దేశం దాటలేదు. ఓడిన నోనా ఏమైనా మానేసిందా? 1986లో దుబాయ్ ఒలింపియాడ్‌లో పదికి పది ఆటలూ గెలిచింది, 45వ ఏట.

ఇది చదువుతుంటే నాకు మన హంపి గుర్తొచ్చింది. గుడివాడలో పుట్టిన కోనేరు హంపి 2002లో, 15 ఏళ్ళకే గ్రాండ్‌మాస్టర్ అయింది. మన దేశపు ఆడవాళ్ళలో ఆ బిరుదు పొందిన మొదటిది. 2017లో పాప పుట్టింది. కొన్నాళ్ళు ఆట పక్కన పెట్టింది. 2019లో మాస్కోలో ప్రపంచ ర్యాపిడ్ చాంపియన్ అయింది, 2024 డిసెంబరులో న్యూయార్క్‌లో మళ్ళీ. గుంటూరు అమ్మాయి ద్రోణవల్లి హారిక అయితే 2022లో చెన్నై ఒలింపియాడ్‌లో తొమ్మిదో నెల గర్భంతో బల్ల ముందు కూర్చుంది. మన ఆడవాళ్ళ జట్టు కంచు పతకం తెచ్చింది.

2025 జులైలో మహిళల ప్రపంచ కప్ జరిగింది. ఎక్కడనుకున్నారు, జార్జియాలోనే, నల్లసముద్రం ఒడ్డున బటూమిలో. మన దేశం నుంచి హంపి, హారిక, వైశాలి, దివ్య దేశ్‌ముఖ్, నలుగురూ క్వార్టర్ ఫైనల్ దాకా వెళ్ళారు. ఫైనల్లో హంపి, దివ్య. ఒకరికి 38, ఒకరికి 19. మొదటి రెండు ఆటలూ డ్రా. మూడోరోజు ర్యాపిడ్ ఆటల్లో దివ్య గెలిచింది, ఆ గెలుపుతోనే గ్రాండ్‌మాస్టర్ అయింది. గెలిచిన వెంటనే ఆ పిల్ల వాళ్ళమ్మని కావలించుకుని ఏడ్చేసింది. మా ఇంట్లో టీవీ ముందు కూర్చున్న మా అత్తయ్యగారు కళ్ళు తుడుచుకుంటూ, “మన హంపి ఓడిపోయిందని ఏడవాలో, ఆ పిల్ల గెలిచిందని నవ్వాలో తెలీట్లేదమ్మాయ్, ఇంతకీ హంపి పాపకి ఎన్నేళ్ళిప్పుడు?” అనడిగారు.