సీలు వెనక సొమ్ము

ఫైనాన్స్ బోర్డు తిప్పేసిందన్న మాట పొక్కగానే జనం పరుగెత్తేది షట్టర్ దగ్గరికే. దానికి పోలీసు సీలు కనిపిస్తే కొంత ధైర్యం. ‘సీజ్ చేసిండ్రు, ఇగ మన పైసలు ఎటూ పోవు’ అనుకుంటారు. చట్టాల చరిత్ర చూస్తే మాత్రం సీలుకీ సొమ్ముకీ మధ్య చాలా దూరం ఉంది.

జగిత్యాల, కోరుట్లల్లో గల్ఫ్ నుంచి వచ్చే డబ్బు, బీడీలు చుట్టే ఆడవాళ్ల కూలి. సిరిసిల్లలో సాంచాల మీది సంపాదన. చిట్టీలకూ వడ్డీలకూ ఇది మంచి పొలం. నిజాం ప్రభుత్వం 1349 ఫసలీలోనే, అంటే 1939-40లోనే, వడ్డీ వ్యాపారికి లైసెన్సు ఉండాలని చట్టం చేసింది. చిట్టీలకు ఉమ్మడి రాష్ట్రం 1971లో, కేంద్రం 1982లో చట్టాలు తెచ్చాయి. మొదటిది అప్పిచ్చేవాడి మీద కన్నేసింది, తర్వాతివి చిట్టీ నడిపేవాడి మీద. ఎక్కువ వడ్డీ ఆశ చూపి డిపాజిట్లు గుంజేవాడు మాత్రం ఈ రెంటి మధ్య సందులోంచి తప్పించుకున్నాడు.

అలాంటివాడి మీద కేసు పెట్టాక పోలీసులు చేసే మొదటి పని సోదా. స్థానికుల్లో ఇద్దరిని పంచులుగా పిలుస్తారు. ప్రామిసరీ నోట్లు, ఖాళీ చెక్కులు, రసీదు పుస్తకాలు, కంప్యూటర్లు ఒక్కొక్కటీ జాబితాకెక్కుతాయి. మూటకు గుడ్డ చుట్టి, లక్క కరిగించి ముద్ర వేస్తారు. పంచనామా మీద పంచులు సంతకాలు పెడతారు. 2024 జులై 1న కొత్త నేర విచారణ స్మృతి అమల్లోకి వచ్చాక ఇదంతా వీడియో తీయడం తప్పనిసరైంది. ఇంత తతంగమూ సాక్ష్యం చెడకుండా కాపాడటానికే. బాధితులకు పంచిపెట్టడం దాని పని కాదు.

మరి భవనం సంగతి? 2024 జులై దాకా అమల్లో ఉన్న 1973 నేర విచారణ స్మృతిలోని 102వ సెక్షన్ ‘ఆస్తి’ని స్వాధీనం చేసుకునే అధికారం పోలీసులకిచ్చింది. ఆ ఆస్తిలో బ్యాంకు ఖాతా కూడా ఉందని 1999లో సుప్రీంకోర్టు తాపస్ నియోగి కేసులో తేల్చింది. ఇల్లు, దుకాణం, భూమి లాంటి స్థిరాస్తులు అందులోకి రావని 2019 సెప్టెంబరు 24న నెవాడా ప్రాపర్టీస్ కేసులో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం చెప్పింది. పత్రాలు, చరాస్తులు పట్టుకెళ్లగలిగేవారు. ఆ సెక్షన్ కింద భవనాన్ని మాత్రం స్వాధీనం చేసుకునే వీలు లేకపోయింది.

సొమ్ము రాబట్టే దారి వేరు. అది 1999లో ఉమ్మడి రాష్ట్రం చేసిన డిపాజిటర్ల రక్షణ చట్టం. దీని ప్రకారం ఆస్తులను ప్రభుత్వమే తాత్కాలికంగా జప్తు చేస్తుంది. ప్రత్యేక కోర్టు దాన్ని ఖరారు చేశాకే వేలం, పంపకం. 2019లో కేంద్రం తెచ్చిన అనియంత్రిత డిపాజిట్ల నిషేధ చట్టానిదీ ఇదే బాట.

ఆ దారి ఎంత పొడవో డిపాజిట్లు సేకరించిన అగ్రిగోల్డ్ సంస్థ కేసు చూపించింది. ఎనిమిది రాష్ట్రాల్లో దాదాపు 32 లక్షల మంది డిపాజిటర్లు, 6 వేల కోట్లకు పైగా సొమ్ము. 2015లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 1999 చట్టం కిందే ఆస్తులు జప్తు చేసింది. వేలాలు కోర్టుల్లో నలిగాయి. చివరికి 2019 నవంబరులో, పది వేలలోపు కట్టినవాళ్లకు ప్రభుత్వమే ఖజానా నుంచి చెల్లించడం మొదలుపెట్టింది. జప్తుకూ ఆ చెల్లింపుకూ మధ్య నాలుగేళ్లు దాటాయి.

అందుకే బాధితుడు స్టేషన్‌లో ఫిర్యాదిచ్చి సీలు చూసి ఇంటికెళ్లిపోకూడదు. రసీదులు, పాస్‌బుక్కు నకళ్లు దాచుకోవాలి. తోటివాళ్లతో కలిసి జప్తు ఉత్తర్వు ఎప్పుడిస్తారని ప్రభుత్వాన్ని నిలదీయాలి. సాక్ష్యం దొరికితే మోసగాడికి శిక్ష పడొచ్చు. బీడీల కూలి తిరిగి రావాలంటే ఆ ఉత్తర్వే కావాలి.