మాట వెనుక కథ: క్వార్ట్జ్

కాలాన్ని వంచే ఖనిజం కావాలంటే కథకులు ఏదో నోరు తిరగని పేరు పుట్టిస్తారు. హెచ్.జి. వెల్స్‌కు ఆ అవసరం రాలేదు. 1895లో అచ్చయిన ‘ది టైమ్ మెషీన్’లో ఆయన యంత్రానికి నికెల్, దంతంతోపాటు స్ఫటికాన్ని కోసి అమర్చాడు. స్ఫటికమంటే స్వచ్ఛమైన క్వార్ట్జే.

ఈ పేరు జర్మన్ గని కార్మికులది. ‘గట్టిది’ అనే అర్థమున్న స్లావ్ మాట నుంచి వాళ్ల నోటికి వచ్చిందని ఎక్కువమంది పండితుల లెక్క. మనవాళ్లకిది పలుగురాయి. చేలగట్ల మీద తెల్లగా మెరుస్తూ కనబడుతుంది. రెండు ముక్కలు చీకట్లో గట్టిగా రాస్తే లోపల్నుంచి పసుపుపచ్చటి వెలుగు, వెంటనే ఏదో కాలిన వాసన. దానికి పేరున్నా లేకున్నా పల్లె పిల్లలకు ఆ ఆట తెలుసు.

1880లో పియర్, జాక్ క్యూరీ సోదరులు ఇలాంటి స్ఫటికాలను నొక్కితే విద్యుత్తు పుడుతుందని చూపారు. దీన్ని తిరగేసి విద్యుత్తు ఇస్తే స్ఫటికం కంపిస్తుంది. నేటి చేతిగడియారంలోని క్వార్ట్జ్ ముక్క సెకనుకు 32,768 సార్లు ఊగుతుంది. ఆ సంఖ్యను పదిహేనుసార్లు సగం చేయండి, మిగిలేది ఒకటి, అంటే ముల్లు వేసే ఒక్క అడుగు. వెల్స్ ఊహకన్నా నాకిదే ఎక్కువ మాయగా తోస్తుంది.

1969లో సీకో తొలి క్వార్ట్జ్ చేతిగడియారం అమ్మకానికి పెట్టింది. ఆ తర్వాత ఈ మాట గోడగడియారాల డయల్ మీదికెక్కింది. దాన్ని కంపెనీ పేరనుకున్నవాళ్లూ ఉన్నారు. ఇప్పుడేమో వంటింటి గట్టు చేయించేవాళ్లు ‘గ్రానైటా, క్వార్ట్జా’ అని అడుగుతున్నారు.