తొమ్మిది నుంచి ఒంటిగంట దాకా

1989 జులై. వాషింగ్టన్ నగరానికి పోటోమాక్ నది అవతల, ఆర్లింగ్టన్‌లో మామూలు ఇళ్లున్న వీధి. పొద్దున్న తొమ్మిది కావస్తోంది. ఆఫీసులకు పోయేవాళ్లు పోయారు. పాతికేళ్లకు అటూ ఇటూ ఉన్న నలుగురు కుర్రాళ్లు డాన్ జియెంటారా ఇంటికి వచ్చి, మెట్లు దిగి నేలమాళిగలోకి వెళ్తారు. కేబుళ్లు తగిలిస్తారు, డ్రమ్ముల ముందు మైకులు సర్దుతారు, యాంప్లిఫయర్లు వేడెక్కేదాకా ఆగుతారు. వాళ్లు వాయిస్తుంటే వినడానికి క్లబ్బుల్లో జనం ఒకరి మీద ఒకరు పడిపోతూ నిలబడతారు. ఇక్కడ మాత్రం అంతా గడియారం ప్రకారమే. ఒంటిగంట కొట్టేసరికి ఆపేయాలి.

ఇరుగుపొరుగు గొడవ పెట్టి కాదు. వాళ్ల ప్రొడ్యూసర్ టెడ్ నైస్లీ ఆ రోజుల్లో చెఫ్ అవుదామని వంట స్కూల్లో చేరాడు. పొద్దున్న నాలుగు గంటలు పాటలకు, మిగతా పూట వంటకు. తొమ్మిది నుంచి ఒంటిగంట దాకా, అంతే. ఆ బ్యాండ్ తన మొట్టమొదటి పూర్తి ఆల్బమ్‌ని ఆ పూటల్లోనే చేసుకుంది. జులైలో మొదలుపెడితే సెప్టెంబరు వచ్చింది.

బ్యాండ్ పేరు ఫుగాజీ. ఆల్బమ్ పేరు ‘రిపీటర్’. పోస్ట్ హార్డ్‌కోర్ అంటే ఏమిటని ఎవరైనా నన్నడిగితే ముందు ఈ రికార్డే చేతిలో పెడతాను.

రాక్ సంగీతంలో పొద్దున్న తొమ్మిదంటే ఎంత వింత వేళో చెప్పాలి. మన గాయకులకు తెల్లవారుజామే సాధన వేళ. కానీ అరుపే ప్రాణమైన పాటకు పొద్దున్నే గొంతు లేవదు. అక్కడి బ్యాండ్లు సూర్యాస్తమయం తర్వాత స్టూడియోలోకి దిగి తెల్లారేదాకా గడుపుతాయని పేరు. వీళ్లు మాత్రం కూలిపనికి పోయినట్టు పొద్దున్నే దిగారు. గాయకుడూ గిటారిస్టూ అయిన ఇయాన్ మెకాయ్ మందు, సిగరెట్ ముట్టని మనిషి. అంతకు ముందు మైనర్ థ్రెట్ అనే బ్యాండ్‌లో ఉన్నప్పుడు ఆ మాటే పాటగా కట్టి, అమెరికా అంతటా కుర్రకారులో ఒక ఉద్యమానికి కారణమయ్యాడు. ఆ బ్యాండ్ కూడా ఇదే జియెంటారా దగ్గర రికార్డు చేసింది. ఇంట్లోనే స్టూడియో పెట్టుకుని, దానికి ‘ఇన్నర్ ఇయర్’ అని పేరు పెట్టిన జియెంటారా, డబ్బు లేని పంక్ పిల్లలకు దాదాపు ఒక దశాబ్దంగా పెద్దదిక్కు.

పంక్‌లోనే పుట్టిన హార్డ్‌కోర్ పాట నిమిషం, నిమిషన్నర. గుక్క తిప్పుకోకుండా పరుగు. ఆ పరుగు చూసి 1980ల మొదట్లో కుర్రాళ్లు వెర్రెత్తిపోయారు. కొన్నేళ్లకు అదే పరుగు మూసగా మారింది, సభలు కొట్లాటలయ్యాయి. ఆ కోపాన్ని వదులుకోకుండానే పాటలో గాలి ఆడనివ్వడం ఎలా అన్న ప్రశ్నకు వెతుకులాటే పోస్ట్ హార్డ్‌కోర్. ఫుగాజీలో ఆ గాలిని తెచ్చింది జో లాలీ బేస్ గిటార్. జమైకా రెగె, డబ్ సంగీతం చెవుల నిండా నింపుకున్న మనిషి. అతని బేస్ నింపాదిగా నడుస్తుంది, దాని చుట్టూ మిగతావాళ్లు మంటలు పెడతారు. డ్రమ్ముల మీద బ్రెండన్ కాంటీ. అతను దరువు ఎక్కడ ఆపుతాడో, అక్కడే వినేవాడి గుండె ఒక్క క్షణం తూలుతుంది.

నాలుగోవాడు గై పిచోటో. కాంటీతో కలిసి ‘రైట్స్ ఆఫ్ స్ప్రింగ్’ అనే బ్యాండ్ నడిపాడు. వాళ్లు కొద్ది ప్రదర్శనలే ఇచ్చారు. చూసినవాళ్లు మాత్రం ఆ రాత్రుల గురించి ఇప్పటికీ గొంతు తగ్గించి మాట్లాడతారు. ఫుగాజీలోకి వచ్చిన కొత్తలో అతనికి గిటార్ లేదు. మెకాయ్ పాడుతుంటే పక్కనుంచి అందుకునేవాడు, ఎదురు పలికేవాడు, వేదికంతా తిరిగేవాడు. హిప్ హాప్ బృందాల్లో ముఖ్య గాయకుడి పక్కన ఉండే రెండో గొంతు వాళ్లకు స్ఫూర్తి. మనకైతే ఇంకా తేలిగ్గా అర్థమవుతుంది. బుర్రకథలో కథకుడి పక్కన వంత ఉంటాడు చూడండి, తందాన అంటూనే కథను పొడిచి, ఎగదోసి, మధ్యలో రాజకీయం మాట్లాడి మళ్లీ దారిలో పెట్టేవాడు, సరిగ్గా ఆ పని. 1988లో ఫిలడెల్ఫియాలో ఒక జిమ్‌లో పిచోటో బాస్కెట్‌బాల్ హూప్‌లో దూరి తలకిందులుగా వేలాడుతూ పాడిన దృశ్యం వీడియోలో ఉంది. చేతికి వాయిద్యం లేని మనిషి ఒంటినే వాయిద్యం చేసుకున్నాడు.

ఆల్బమ్ ప్రయత్నం ఇది మొదటిది కాదు. 1988 చివర్లో యూరప్ అంతా తిరిగి, ఆ యాత్ర ముగియగానే లండన్‌లో దిగారు. ఉత్తర లండన్‌లో జాన్ లోడర్ నడిపే సదరన్ స్టూడియో. లోడర్ పంక్ లోకంలో గౌరవం ఉన్న ఇంజనీరు. అక్కడ పూర్తి ఆల్బమ్ చేద్దామని ఆశ. కానీ నెలల తరబడి వ్యాన్‌లో తిరిగి, ఎవరింట్లోనో నేల మీద పడుకుని, రోజూ రాత్రి గొంతు చించుకున్న మనుషులు వాళ్లు. చేతుల్లో శక్తి లేదు. టేపులు విన్నాక వాళ్లకే తృప్తి కలగలేదు. ఆరు పాటలు ఏరి ‘మార్జిన్ వాకర్’ అనే చిన్న రికార్డుగా వదిలారు. ఆల్బమ్ మాట అక్కడికి ఆగిపోయింది.

ఆ ఆగిపోవడం వల్లే ‘రిపీటర్’ ఇలా వచ్చిందని నా నమ్మకం. లండన్‌లో వాళ్లు ఊరుగాని ఊళ్లో, అలిసిపోయి ఉన్నారు. ఆర్లింగ్టన్‌లో సొంత మంచం మీద పడుకుని లేచి, తెలిసిన మెట్లు దిగి, తెలిసిన మనుషుల మధ్య వాయించారు. మొదటి రికార్డుకు పనిచేసిన నైస్లీ మళ్లీ పక్కనున్నాడు. మధ్యాహ్నం బలవంతాన ఆగిపోవాలి కాబట్టి, సాయంత్రమంతా పొద్దున్న వాయించినది తలలో నానుతుంది. చెవులకు విశ్రాంతి దొరుకుతుంది. మర్నాడు తొమ్మిదింటికి కొత్త చెవులతో వింటారు. రికార్డింగ్ గదిలో పనిచేసిన ఎవరినైనా అడగండి, పది గంటలు ఏకబిగిన విన్న చెవి మంచీ చెడూ పోల్చుకోలేదని చెబుతారు.

లండన్‌లో చేసిన పాటల్లో ఒకటి ‘ప్రొవిజనల్’. దాన్ని విడిచిపెట్టలేదు. మళ్లీ మొదటి నుంచి కట్టి ‘రీప్రొవిజనల్’ అని పేరు మార్చి కొత్త ఆల్బమ్‌లో పెట్టారు. రెండూ పక్కపక్కన వింటే తేడా తెలుస్తుంది. మొదటిది చెప్పాల్సింది చెప్పి పోతుంది. రెండోది నిలబడుతుంది.

ఇంకో మార్పు, అన్నిటికన్నా పెద్దది. పిచోటో చేతికి గిటార్ వచ్చింది. మెకాయ్‌ది గిబ్సన్ ఎస్‌జీ, మందంగా, బరువుగా మోగుతుంది. దాని పక్కన ఇంకో బరువైన గిటార్ పెడితే రెండూ కలిసి బురదవుతాయి. పిచోటో రికెన్‌బ్యాకర్ పట్టుకున్నాడు. దాని నాదం సన్నం, పదును, గాజు మీద గీత గీసినట్టు. ఒకటి గోడ కడితే రెండోది ఆ గోడలో చీలిక తీస్తుంది. మొదటి పాట ‘టర్నోవర్’ వింటే తెలుస్తుంది: దూరాన్నుంచి ఒక హోరు నెమ్మదిగా దగ్గరకొస్తుంది, బేస్ దాని కిందికి చేరుతుంది, డ్రమ్ములు అందుకుంటాయి, అప్పుడు రెండు గిటార్లూ ఒక్కసారి విరుచుకుపడతాయి. టైటిల్ పాట ‘రిపీటర్’లో మెకాయ్ గిటార్ రైలు బ్రేకు వేసినప్పటి కీచుమోత చేస్తుంది. ఆ మోతే పాటకు పల్లవి అనిపిస్తుంది.

ఆ పాట దగ్గర ఆగాలి. ఆ నేలమాళిగకు నది అవతల ఏం జరుగుతోందో చెప్పకుండా దాని గురించి చెప్పలేం.

అప్పుడు వాషింగ్టన్ జనాభా సుమారు ఆరు లక్షలు. 1989లో ఆ ఒక్క నగరంలో 434 హత్యలు జరిగాయి. క్రాక్ కొకైన్ పేటల్లోకి దిగింది, దాని వెనకే తుపాకులు దిగాయి. చచ్చినవాళ్లలో ఎక్కువమంది నల్లజాతి కుర్రాళ్లు. వార్తాపత్రికల్లో వాళ్ల పేర్లకన్నా వరస సంఖ్యలు గుర్తుండిపోయే రోజులు. ‘రిపీటర్’ పాటలో అలాంటి కుర్రాడొకడు మాట్లాడతాడు. ఉద్యోగం చూసుకోమంటే తనకు సొంత వ్యాపారం ఉందంటాడు. పాట తిరిగేసరికి ఆ వ్యాపారం వల్లే నేల మీద పడి ఉంటాడు, పేరు పోయి అంకె అవుతాడు. అదే పాటలో ఇంకో మనిషీ ఉన్నాడు. కిటికీ బయట తుపాకీ చప్పుడు విని, అది తనకు సంబంధించింది కాదనుకునేవాడు. రిపీటర్ అంటే వరసగా పేలే తుపాకీ. జరిగిందే మళ్లీ జరగడం కూడా. బీటిల్స్ ‘రివాల్వర్’ అన్న పేరుకు ఇది జవాబు అని కూడా చెబుతారు.

సరిగ్గా ఆ రికార్డింగ్ సాగుతున్న వారాల్లోనే, సెప్టెంబరు 5 రాత్రి, అధ్యక్షుడు జార్జ్ బుష్ వైట్ హౌస్ నుంచి టీవీలో దేశంతో మాట్లాడాడు. మాట్లాడుతూ ఒక ప్లాస్టిక్ సంచి పైకెత్తి చూపించాడు. అందులో ఉన్నది క్రాక్ అనీ, వైట్ హౌస్ ఎదురుగా ఉన్న లఫాయెట్ పార్కులో దొరికిందనీ చెప్పాడు. దేశం ఉలిక్కిపడింది. కొద్దిరోజులకే వాషింగ్టన్ పోస్ట్ అసలు సంగతి బయటపెట్టింది. ఆ పార్కులో క్రాక్ అమ్మేవాళ్లెవరూ లేరు. ఉపన్యాసంలో చూపించడానికి కావాలని మాదకద్రవ్యాల శాఖ ఏజెంట్లు పద్దెనిమిదేళ్ల స్కూలు విద్యార్థిని అక్కడికి రప్పించి కొన్నారు. రమ్మన్నప్పుడు ఆ కుర్రాడు వైట్ హౌస్ ఎక్కడుందని అడిగాడు. అదే నగరంలో పెరిగినవాడు. తర్వాత వేరే అమ్మకాల కేసుల్లో అతనికి పదేళ్ల జైలు పడింది.

పాటలో కుర్రాడు, పార్కులో కుర్రాడు ఒకరు కారు. కానీ నేను ఆ పాట విన్న ప్రతిసారీ ఆ ప్లాస్టిక్ సంచి కళ్ల ముందుకొస్తుంది. ఒకరు కుర్రాడి దగ్గరున్న సరుకును పైకెత్తి చూపించారు. నది అవతల నేలమాళిగలో నలుగురు ఆ కుర్రాడి గొంతు ఎలా ఉంటుందోనని తడుముకున్నారు.

మిగతా పాటల్లో కొన్ని చప్పున దాటేయొచ్చు. ‘గ్రీడ్’ రెండు నిమిషాలైనా లేదు. ‘బ్రెండన్ నంబర్ వన్’లో మాటలే లేవు, డ్రమ్మర్ పేరే పాట పేరు. ‘మర్చండైజ్’ మాత్రం బ్యాండ్ బతుకునంతా ఒకచోట పెట్టిన పాట. కొనుక్కున్న వస్తువులే మనుషుల విలువ కాదని పాడేవాళ్లు తమ పేరు అచ్చేసిన టీషర్టులు అమ్మలేరు కదా. వాళ్లు అమ్మలేదు. ఎవరో బయటివాళ్లు ‘ఇది ఫుగాజీ టీషర్ట్ కాదు’ అని రాసి అమ్మితే అదే జనంలోకి వెళ్లింది. ప్రదర్శన టికెట్ అయిదు డాలర్లు. ఏ వయసువాళ్లయినా రావచ్చు. సభలో ఎవరైనా పక్కవాళ్లను కొడుతుంటే పాట ఆపి, కవరులో అయిదు డాలర్లు పెట్టి చేతికిచ్చి బయటికి పంపేవాళ్లు. మేనేజర్ లేడు. రికార్డు కంపెనీ మెకాయ్, స్నేహితులు కలిసి 1980లో పెట్టుకున్న డిస్కార్డ్. ఇదంతా చాదస్తమని అప్పట్లో విసుక్కున్నవాళ్లున్నారు. నాకు ఇది చాదస్తంలా కనిపించదు. పదిహేనేళ్ల పిల్ల తన చేతి డబ్బుతో లోపలికి రాగలగాలి, వచ్చాక దెబ్బ తగలకుండా ఇంటికి వెళ్లగలగాలి. ఆ రెండూ జరగాలంటే ఎవరో ఒకరు ఇంత పట్టుదలగా ఉండక తప్పదు.

చివరి పాట ‘షట్ ద డోర్’. డ్రగ్స్ వల్ల ప్రాణం పోయిన ఒకరి గురించి. ఆల్బమంతా వీధిలో తిరిగిన కోపం ఈ పాటలో ఒక గదిలోకి వచ్చి తలుపు వేసుకుంటుంది. మెకాయ్ గొంతు గుసగుసలోకి దిగుతుంది, వాయిద్యాలు దాదాపు ఆగిపోతాయి. వినేవాడు చెవి దగ్గరగా పెడతాడు. అప్పుడు పేలుతుంది. పొద్దున్నే లేవని గొంతు అని పైన అన్నాను. ఆ గొంతులోంచి ఆ అరుపు ఏ పూట వచ్చిందో గాని, విన్నాక కాసేపు ఏ పాటా పెట్టబుద్ధి కాదు.

పదకొండు పాటలు, సుమారు ముప్ఫై అయిదు నిమిషాలు. 1990 ఏప్రిల్ 19న ‘రిపీటర్’ విడుదలైంది. ఉద్యోగాలకు సెలవు పెట్టి నలుగురూ వ్యాన్ ఎక్కారు. ఆ ఏడాది మార్చి నుంచి మరుసటి ఏడాది జూన్ లోపు సుమారు 250 ప్రదర్శనలు ఇచ్చారు. రికార్డు చేతులు మారుతూ, నోటి మాటగా పాకి లక్షల్లో అమ్ముడైంది. నైస్లీ వంట వైపే పూర్తిగా వెళ్లడంతో తర్వాతి ఆల్బమ్ వాళ్లే చేసుకున్నారు. 1993లో వచ్చిన ఆల్బమ్‌కు అతను మళ్లీ వాళ్లతో పనిచేశాడు.

ఆ యాత్రల మధ్యలో, 1991 జనవరి 12న, ఫుగాజీ సొంత ఊళ్లో ఆరుబయట వాయించింది. గల్ఫ్ యుద్ధానికి అమెరికా కాంగ్రెస్ అనుమతి ఇచ్చింది ఆ రోజే. వాళ్లు వాయించింది యుద్ధానికి వ్యతిరేకంగా. టికెట్ లేదు, అయిదు డాలర్లు కూడా తీసుకోలేదు. చలిలో కోట్లు వేసుకున్న జనం పార్కు నిండా నిలబడ్డారు. రోడ్డు అవతల, వైట్ హౌస్. ఆ పార్కు పేరు లఫాయెట్ పార్కు.