కన్వర్షన్ అయిన భూమిలో ఫ్యాక్టరీ ఎందుకు ఆగిపోయింది?

"నాలా కన్వర్షన్ అయిపోయింది, పంచాయతీ పర్మిషన్ ఉంది, ఇంకేం భయం లేదు" అని ప్లాట్లు అమ్మేవాళ్లు చెప్పడం మీరు వినే ఉంటారు. ఆ మాట ఎంతవరకు నిలబడుతుందో సుప్రీంకోర్టు దాకా వెళ్లి తేలిన కేసు ఒకటి ఉంది. మన హైదరాబాద్ పక్కదే.

కొంచెం వెనక్కి వెళ్దాం. 1908 మూసీ వరదలో వేలమంది చనిపోయారు. ఆ తర్వాత విశ్వేశ్వరయ్య గారి సలహాతో మూసీ మీద ఉస్మాన్ సాగర్ (1920), ఈసీ మీద హిమాయత్ సాగర్ (1927) కట్టారు. వరద ఆపడానికి కట్టినవే తర్వాత నగరానికి మంచినీళ్లిచ్చాయి. వాటిని కాపాడటానికి వచ్చిందే 1996 మార్చి 8 నాటి జీవో 111. జలాశయాల ఎఫ్‌టీఎల్ నుంచి 10 కిలోమీటర్ల దాకా కాలుష్యం చేసే పరిశ్రమలు, పెద్ద హోటళ్లు, కాలనీలు వద్దన్నారు. 84 గ్రామాలు, దాదాపు లక్షా 32 వేల ఎకరాలు దాని కిందికొచ్చాయి. పట్టా మీదే, సర్వే నంబరు అదే. మారింది ఆ భూమిలో ఏం చేయొచ్చు అన్నది.

ఇక కేసు. శంషాబాద్ మండలంలో ఆముదం నూనెతో రసాయనాలు తయారు చేద్దామని ఒక కంపెనీ 1995లో 12 ఎకరాలు కొంది. గమనించండి, జీవో 111 కంటే ముందే. ఆ తర్వాత ఒక్కో కాగితం వచ్చింది. పంచాయతీ ప్లాన్ ఆమోదించింది. వ్యవసాయ భూమిని మార్చుకోడానికి కలెక్టర్ అనుమతిచ్చారు. 1997లో రాష్ట్ర ప్రభుత్వం ఏకంగా 10 కిలోమీటర్ల నిబంధన నుంచే మినహాయింపు ఇచ్చేసింది! ఒప్పుకోనిది పొల్యూషన్ కంట్రోల్ బోర్డు ఒక్కటే. అప్పీల్‌లో కంపెనీ గెలిచింది. మా టెక్నాలజీతో కాలుష్యం రాదని నిపుణుడి అఫిడవిట్ పెట్టారు, అది సరిపోయింది. హైకోర్టులోనూ కంపెనీదే పైచేయి.

నా పాత సాఫ్ట్‌వేర్ ఉద్యోగంలో ఇలాంటిది రోజూ చూసేవాణ్ణి. ఏ మాడ్యూల్‌కి ఆ మాడ్యూల్ టెస్ట్ పాస్, అన్నీ కలిపి రన్ చేస్తే క్రాష్. ఇక్కడా అంతే. కలెక్టర్ ఆఫీసు భూమి చూసింది, పంచాయతీ బిల్డింగ్ ప్లాన్ చూసింది. అక్కడ పడ్డ వాన నీళ్లు ఎటు పోతాయి అని అడగడం ఆ రెండిటి పనీ కాదు.

బోర్డు సుప్రీంకోర్టుకి వెళ్లింది. 1999 జనవరిలో కోర్టు ఒక కీలకమైన మాట చెప్పింది. హాని జరుగుతుందని జనం నిరూపించక్కర్లేదు, హాని జరగదని కట్టేవాడే నిరూపించాలి. జడ్జిలు సైంటిస్టులు కాదు కాబట్టి సాంకేతిక విషయాన్ని జాతీయ పర్యావరణ అప్పీళ్ల సంస్థకి పంపారు. 2000 డిసెంబర్‌లో తుది తీర్పు వచ్చింది. ప్రభుత్వం ఇచ్చిన మినహాయింపే చెల్లదన్నారు. ఫ్యాక్టరీ ఆగిపోయింది.

తీర్పు సరైనదే అని నా అభిప్రాయం. కాకపోతే ఆ కంపెనీ మీద నాకు పూర్తిగా కోపం రాదు. ప్రభుత్వమే సంతకాలు పెట్టి ఇచ్చాక నమ్మడం తప్పా? అలాగే ఆ 84 గ్రామాల రైతుల సంగతి. కొద్ది దూరంలో గచ్చిబౌలి రేట్లు ఆకాశానికి పోతుంటే, ఊరి నీళ్ల కోసం వీళ్ల భూమి కదలకుండా ఉండిపోయింది. దానికి బదులుగా నగరం వాళ్లకేమిచ్చింది?

2022 ఏప్రిల్‌లో జీవో 69తో ఆంక్షలు సడలించారు. నగరానికి ఇప్పుడు కృష్ణా, గోదావరి నీళ్లొస్తున్నాయి, ఈ జలాశయాల మీద ఆధారపడటం బాగా తగ్గింది అన్నది కారణం. 2023 మేలో జీవో 111ని పూర్తిగా ఎత్తేయాలని కేబినెట్ నిర్ణయించింది. సుప్రీంకోర్టు తీర్పు మాత్రం కేబినెట్ ఎత్తేసేది కాదు. అక్కడ కొనాలనుకునేవాళ్లు కన్వర్షన్ కాగితంతో పాటు, మీ సర్వే నంబర్లో పడిన వాన ఏ వాగులో కలుస్తుందో కూడా చూసుకోండి.

ఎఫ్‌టీఎల్ గీత ఎవరు, ఎలా గీస్తారు అన్నది వచ్చే ఎపిసోడ్‌లో. ఉంటాను.