యుద్ధకాలపు వార్తాచిత్రాలు: చూపినది, చూపనిది

1939 సెప్టెంబరులో భారత నాయకులను సంప్రదించకుండానే వైస్రాయి లిన్‌లిత్‌గో ఈ దేశాన్ని యుద్ధంలోకి దింపాడు. అలా వచ్చిపడిన యుద్ధానికి ప్రజల మద్దతు కూడగట్టవలసి వచ్చినప్పుడు ప్రభుత్వం చలనచిత్రాన్ని ఆశ్రయించింది. అక్షరాస్యత స్వల్పంగా ఉన్న దేశంలో తెరకున్న శక్తిని పాలకులు గుర్తించారు.

1940లో బొంబాయిలో ఫిల్మ్ అడ్వైజరీ బోర్డు ఏర్పడింది. జె.బి.హెచ్. వాడియా దానికి అధ్యక్షుడు. బ్రిటిష్ డాక్యుమెంటరీ ఉద్యమంలో ఆరితేరిన అలెగ్జాండర్ షాను నిర్మాణ బాధ్యతలకు రప్పించారు. 1943లో దాని స్థానే ఇన్ఫర్మేషన్ ఫిల్మ్స్ ఆఫ్ ఇండియా వెలసింది. ఎజ్రా మీర్ దాని నిర్మాణ సారథి. 'ఇండియన్ న్యూస్ పరేడ్' అనే వార్తాచిత్రం కూడా ఆ ఏడే మొదలైంది. ఇంగ్లీషు, హిందుస్తానీ, బెంగాలీ, తమిళంతోపాటు తెలుగులోనూ వ్యాఖ్యానం వినిపించేది.

సైన్యంలో చేరిక, ఆయుధ కర్మాగారాలు, వైమానిక దాడుల నుండి రక్షణ వీటి ప్రధాన వస్తువులు. అయితే ఆ నీడలోనే చేతివృత్తులు, కళలు, గ్రామజీవనం కూడా తెరకెక్కాయి. కొబ్బరిచెట్టుతో పెనవేసుకున్న కేరళ జీవనాన్ని చిత్రించిన భాస్కరరావు 'ది ట్రీ ఆఫ్ వెల్త్' అందుకు చక్కని ఉదాహరణ. మన డాక్యుమెంటరీ కళాకారులు పలువురు పని నేర్చినది ఈ ప్రచారశాలలోనే.

ప్రేక్షకుడు మాత్రం వీటిని కోరి చూడలేదు. 1943లో భారత రక్షణ నిబంధనలలో చేర్చిన 44-ఎ ప్రకారం ప్రతి ప్రదర్శనలోనూ ప్రభుత్వం ఆమోదించిన 2,000 అడుగుల చిత్రాన్ని వేయడం థియేటర్లకు తప్పనిసరి. ముడిఫిల్ము కొరతతో కథాచిత్రాల నిడివిని 11,000 అడుగులకు కుదించిన రోజులవి.

అదే ఏడు బెంగాల్ కరవు లక్షలాది ప్రాణాలను బలిగొన్నది. వీధుల్లో ఆకలిచావుల ఛాయాచిత్రాలను ఆగస్టులో 'స్టేట్స్‌మన్' పత్రిక ప్రకటించింది. ప్రజల మనోధైర్యం నిలపడమే పనిగా పెట్టుకున్న సర్కారు తెర ఆ పని చేయలేకపోయింది. కరవును కథగా చెప్పిన ఖ్వాజా అహ్మద్ అబ్బాస్ 'ధర్తీ కే లాల్' 1946లో గాని రాలేదు.

పరప్రభుత్వ ప్రచారంపై జాతీయవాదుల అయిష్టం సహజమే. 1946లో ఈ సంస్థలు మూతబడ్డాయి. దాని ఫలితం విచిత్రం: 1947 ఆగస్టు 15న స్వాతంత్ర్యోదయాన్ని చిత్రించడానికి ప్రభుత్వానికంటూ ఒక చిత్రబృందం లేకపోయింది. స్వతంత్ర ఛాయాగ్రాహకుల చొరవే ఆ లోటును కొంత పూడ్చింది. 1948లో ఫిల్మ్స్ డివిజన్ ఏర్పడింది. పాత యంత్రాంగం కొత్త ధ్యేయంతో తిరిగి లేచింది. నిర్బంధ ప్రదర్శన పద్ధతి కూడా దానితోపాటే తిరిగి వచ్చింది. 2022లో ఆ సంస్థ జాతీయ చలనచిత్రాభివృద్ధి సంస్థలో విలీనమైంది.

నాటి రీళ్లు మిగిలినంత మేరకు అమూల్యమైన చారిత్రక సాక్ష్యాలే. కాని ఆ సాక్షి ఎవరి కొలువులో ఉన్నాడో తెలిసి చూడాలి. ఆ రీళ్లలో కనిపించని ఆకలి కూడా ఆ కాలపు చరిత్రలో భాగమే.