స్టెప్నీ: కారుకు అదనపు చక్రం వచ్చిన తీరు

తొలినాటి కార్లకు అదనపు చక్రం ఉండేది కాదు. గుర్రపు లాడాల మేకులు గుచ్చుకుని టైరు పంచరైతే రోడ్డు మీదే టైరు ఊడదీసి, ట్యూబుకు అతుకు వేసి, చేతిపంపుతో గాలి కొట్టాల్సి వచ్చేది.

1904లో వేల్స్‌లోని లనెల్లి పట్టణంలో డేవీస్ సోదరులు దీనికి ఉపాయం కనిపెట్టారు. ఆకులు లేని వట్టి రిమ్ముకు టైరు తొడిగి, ముందే గాలి నింపి ఉంచారు. పంచరైన చక్రాన్ని విప్పకుండా, దాని పక్కనే ఈ రిమ్మును కొక్కేలతో బిగించేవారు. రెండు రిమ్ముల కొలతా కుదిరితేనే పట్టు నిలిచేది. ఆ ఊరి స్టెప్నీ వీధి పేరుతో అమ్ముడైన ఈ చక్రం మన దేశానికీ వచ్చింది; తెలుగునాట అదనపు చక్రాన్ని నేటికీ స్టెప్నీ అనే అంటారు.

1906 ఫ్రెంచ్ గ్రాండ్ ప్రీలో రెనో కారు గెలవడానికి మిషెలిన్ సంస్థ విడిరిమ్ములు తోడ్పడ్డాయి. ఎనిమిది నట్లు విప్పితే టైరుతో సహా రిమ్ము ఊడివచ్చేది. తర్వాత చక్రం మొత్తాన్నీ మార్చే పద్ధతి స్థిరపడి, స్టెప్నీ రిమ్ము కనుమరుగైంది.

దాంతో కొలతలూ పెరిగాయి. ఇప్పుడు రిమ్ము వ్యాసం, వెడల్పులతో పాటు బోల్టుల సంఖ్య, అవి అమరిన వలయం వ్యాసం, నడిమి రంధ్రం, ఆఫ్‌సెట్ (రిమ్ము మధ్యరేఖకూ, చక్రాన్ని బిగించే తలానికీ మధ్య దూరం) సరిపోవాలి. 4×100 అంటే 100 మిల్లీమీటర్ల వలయంపై నాలుగు బోల్టులు. ఆఫ్‌సెట్ తేడా వస్తే టైరు మడ్‌గార్డుకో, సస్పెన్షన్‌కో రాసుకుంటుంది.

టైర్ల గాలిని కనిపెట్టే పరికరం, పంచరు కిట్టు ఉన్న కార్లకు స్టెప్నీ తప్పనిసరి కాదని 2020లో కేంద్రం నిబంధనలు సవరించింది.